వాన్ గో చివరి 30 గంటలు, రెనే తీసిన 20 నిమిషాలు

రంగుల కోసమే పుట్టాడా అనిపించే చిత్రకారుడి మీద ఒక్క రంగు కూడా లేకుండా సినిమా తీస్తే ఎలా ఉంటుంది? పొద్దుతిరుగుడు పూలు బూడిద రంగులో, ఆర్ల్ ఊళ్ళోని పసుపు ఇల్లు వెలిసిపోయిన సున్నం రంగులో... వినడానికే అదోలా ఉంది కదా. 1948లో అలాన్ రెనే అనే ఫ్రెంచి కుర్రాడు సరిగ్గా ఈ పనే చేశాడు. సినిమా పేరు 'వాన్ గో'. నిడివి దాదాపు 20 నిమిషాలు. 1950లో దీనికి రెండు రీళ్ళ లఘుచిత్రాల విభాగంలో ఆస్కార్ కూడా వచ్చింది. ఆ తర్వాత 'నైట్ అండ్ ఫాగ్', 'హిరోషిమా మాన్ అమూర్' లాంటివి తీసి పెద్దవాడైపోయిన రెనే ఇతనే.

ఈ సినిమా గురించి, అది ఏ చావు వైపు నడుస్తుందో ఆ చావు గురించి, ఆ రెంటికీ మధ్య ఉన్న దూరం గురించి కాస్త రాద్దామని. కొంచెం పెద్దదే, టీ పక్కన పెట్టుకుని చదవండి.

ముందు సినిమా సంగతి. 1947లో పారిస్‌లో వాన్ గో బొమ్మల ప్రదర్శన జరిగింది. ఆ సందర్భంగా గాస్టన్ డీల్ అనే కళా విమర్శకుడి ఆలోచనతో మొదట 16 ఎం.ఎం.లో తీశారు. నిర్మాత పియేర్ బ్రాన్‌బెర్జే అది చూసి, 35 ఎం.ఎం.లో మళ్ళీ తీయించాడు. ఇందులో నటులు లేరు. వాన్ గో తిరిగిన ఊళ్ళు లేవు. ఫోటోలు లేవు. ఉన్నవల్లా అతను వేసిన బొమ్మలు, వెనకాల ఒక గొంతు, సంగీతం. అంతే. బొమ్మలో ఉన్న చెట్టుని నిజం చెట్టులా, బొమ్మలో ఉన్న ఇంటిని నిజం ఇల్లులా వాడుకుని ఒక మనిషి కథ చెప్పొచ్చా అన్నదే రెనే చేసిన ప్రయోగం.

అందుకని కెమెరా ఎక్కడా బొమ్మ చట్రాన్ని చూపించదు. ఒక బొమ్మలోని వీధిలో మొదలై ఇంకో బొమ్మలోని గుమ్మం దగ్గరికి వెళ్తుంది, మూడో బొమ్మలోని గదిలోకి దూరుతుంది. మనకి అది మూడు కాన్వాసులని అనిపించదు. ఒక మనిషి వీధిలోంచి ఇంట్లోకి వచ్చాడనిపిస్తుంది. ఇప్పుడు చరిత్ర డాక్యుమెంటరీల్లో పాత ఫోటో మీద కెమెరా మెల్లగా జరగడం మనకి అలవాటైపోయింది. మన వీడియో సాఫ్టువేర్లలో దానికి ఒక బటనే ఉంది. 1948లో ఇది కొత్త.

అప్పటి గొప్ప సినిమా విమర్శకుడు ఆంద్రే బజాఁ ఈ సినిమాని మనసులో పెట్టుకుని ఒక మంచి మాట చెప్పాడు. బొమ్మకి కట్టే చట్రం మన చూపుని లోపలికి లాగుతుంది, ప్రపంచం ఇక్కడితో అయిపోయింది అంటుంది. సినిమా తెర అలా కాదు, అది కిటికీ లాంటిది, కనబడేదాని అవతల ఇంకా ఉందనిపిస్తుంది. రెనే చేసింది చట్రంలోంచి బొమ్మని తీసి తెరలోకి తేవడం. దాంతో వాన్ గో బొమ్మలన్నీ కలిసి అంచుల్లేని ఒకే దేశమైపోయాయి. నలుపు తెలుపు అవడం కూడా ఇక్కడే పనికొచ్చింది. రంగుల్లో ఉంటే ఒక్కో కాన్వాసూ 'నేను వేరు' అని అరిచేది. రంగు తీసేసరికి అన్నీ ఒకదానికొకటి అతుక్కుపోయాయి.

బాగుంది కదా? నాకు చాలా నచ్చింది. కానీ చూశాక ఒక ప్రశ్న మిగిలిపోయింది. బొమ్మల్ని ఇలా ఒక జీవితపు దారిలా పేరిస్తే ఆ దారి చివర మరణం తప్పదన్నట్టే ఉంటుంది. హాలండ్ చీకటి గుడిసెలు, పారిస్, ఆర్ల్ ఎండ, సాన్-రెమి పిచ్చాసుపత్రి, ఆఖరికి ఓవేర్ గోధుమ చేలు. ఒక్కో మెట్టూ దిగుతున్నట్టే ఉంటుంది. నిజంగా అలాగే జరిగిందా?

సరే, అసలు చరిత్రకి వద్దాం. మన ఉద్యోగాల్లో ఏదన్నా సిస్టం కూలిపోతే మొదట చేసే పని టైమ్‌లైన్ రాసుకోవడం కదా. ఎవరేమనుకున్నారన్నది తర్వాత, ఏ గంటకి ఏం జరిగిందన్నది ముందు. అలాగే చూద్దాం.

విన్సెంట్ వాన్ గో 1890 మే 20న పారిస్‌కి ఉత్తరాన ఉన్న ఓవేర్-సూర్-వాజ్ అనే పల్లెటూరికి వచ్చాడు. అంతకు ముందు ఏడాది పాటు సాన్-రెమి ఆసుపత్రిలో ఉన్నాడు. ఓవేర్‌లో గషే అనే డాక్టరు ఉన్నాడు. ఆయనకి చిత్రకళంటే ప్రాణం, తనూ బొమ్మలేస్తాడు. ఓ కన్నేసి ఉంచుతాడని తమ్ముడు థియో ఆశ. రవూ అనే అతని పూటకూళ్ళ ఇంట్లో అటక మీద చిన్న గది, తిండితో కలిపి రోజుకి మూడున్నర ఫ్రాంకులు. అక్కడున్న 70 రోజుల్లో 70కి పైగా బొమ్మలు వేశాడు. అంటే రోజుకొకటి! ఈ ఒక్క లెక్క చాలు, కుప్పకూలిపోయిన మనిషి చివరి రోజులు అన్న బొమ్మ మీద అనుమానం రావడానికి.

అలాగని అంతా సుఖంగా ఉందనీ కాదు. డబ్బు పంపేది థియోనే. జూలైలో థియో పరిస్థితి బాగాలేదు. పనిచేసే గ్యాలరీ యజమానులతో గొడవ, ఉద్యోగం వదిలేద్దామా అన్న ఆలోచన, పుట్టి ఆరు నెలలు కూడా నిండని పసివాడికి జబ్బు. జూలై 6న విన్సెంట్ పారిస్ వెళ్ళినప్పుడు ఆ ఇంట్లో వాతావరణం బరువుగానే ఉంది. తిరిగొచ్చి రాసిన ఉత్తరంలో ఆ బరువు కనిపిస్తుంది. తను తమ్ముడికి భారమయ్యానన్న భయం కూడా.

జూలై 23న థియోకి ఇంకో ఉత్తరం రాశాడు. పోస్టులో వెళ్ళినవాటిలో ఇదే చివరిది. ఇందులో ఏముందో తెలుసా? చిత్రకారుల సంగతులు, తను వేస్తున్న బొమ్మలకి చిన్న చిన్న స్కెచ్‌లు, దాంతోపాటు కావాల్సిన రంగుల ఆర్డరు. అదే పూటకూళ్ళ ఇంట్లో ఉంటున్న హిర్షిగ్ అనే డచ్చి కుర్రాడికీ కలిపి.

జూలై 27, ఆదివారం. పొద్దున బొమ్మ వేశాడు. మధ్యాహ్నం భోజనం చేసి మళ్ళీ బయటికి వెళ్ళాడు. చీకటి పడ్డాక కడుపు పట్టుకుని వంగిపోయి తిరిగొచ్చాడు. ఎవరితోనూ మాట్లాడకుండా మెట్లెక్కి గదిలోకి వెళ్ళిపోయాడు. మూలుగు విని రవూ పైకి వెళ్తే తుపాకీ గాయం చూపించాడు. ఊళ్ళో ఉన్న మజెరీ అనే డాక్టరు, ఆ తర్వాత గషే వచ్చి చూశారు. గుండు బయటికి తీయడానికి వీలుకాదని కట్టు కట్టి ఊరుకున్నారు.

జూలై 28, సోమవారం. థియో ఇంటి చిరునామా ఇవ్వడానికి విన్సెంట్ ఒప్పుకోలేదట. గషే చీటీ రాసిచ్చాడు. హిర్షిగ్ పొద్దున్నే బయల్దేరి పారిస్‌లో థియో పనిచేసే చోటికి తీసుకెళ్ళాడు. థియో మధ్యాహ్నానికల్లా వచ్చేశాడు. జెండార్మ్‌లు వచ్చి అడిగితే ఇది నా పనే, ఇంకెవర్నీ ఏమీ అనొద్దన్నాడని ఆ ఇంటివాళ్ళు చెప్పుకున్నారు. ఆ రోజంతా అన్నదమ్ములిద్దరూ ఆ చిన్న గదిలో మాట్లాడుకున్నారు. విన్సెంట్ మంచంలోనే పైపు తాగుతున్నాడు. థియో ఆ రోజు భార్యకి రాసిన ఉత్తరంలో ఆశ వదులుకోలేదు. గతంలో కూడా డాక్టర్లు లాభంలేదన్నప్పుడు గట్టి శరీరంతో బయటపడ్డాడు కదా అని రాశాడు.

జూలై 29, రాత్రి ఒంటిగంటన్నర. అయిపోయింది. విన్సెంట్‌కి 37 ఏళ్ళు, థియోకి 33. గషే ఆ మంచం పక్కనే కూర్చుని చనిపోయిన ముఖాన్ని బొగ్గుతో గీశాడు.

జూలై 30న అంత్యక్రియలు. ఊరి చర్చి నుంచి శవబండి ఇవ్వలేదు, పక్క ఊరి నుంచి తెచ్చుకున్నారు. ఎమీల్ బెర్నార్ అనే చిత్రకారుడు ఆ రోజు సంగతులు కొద్ది రోజుల్లోనే ఒక మిత్రుడికి ఉత్తరంలో రాశాడు. శవపేటిక ఉన్న గదిలో గోడల నిండా విన్సెంట్ చివరి బొమ్మలు తగిలించారు. పేటిక మీద పసుపు పూలు. ముందర అతని ఈజిల్, మడత కుర్చీ, కుంచెలు. రంగులమ్మే తాంగీ పెద్దాయన, లూసియాఁ పిసారో, గషే, ఇంకొందరు. కబురు అందిన కొద్ది గంటల్లో ఇంతమంది పరిగెత్తుకొచ్చారంటే, ఎవరికీ పట్టని అనామకుడన్న కథ కూడా పూర్తిగా నిజం కాదన్నమాట. ఆ ఏడాది జనవరిలోనే ఆల్బేర్ ఒరియే అనే విమర్శకుడు అతన్ని ఆకాశానికెత్తుతూ పెద్ద వ్యాసం రాశాడు. అంతా చీకటేం కాదు.

ఇప్పుడు ఆఖరి బొమ్మ సంగతి. ఎవర్నడిగినా 'కాకులున్న గోధుమ చేను' అంటారు. నల్లటి ఆకాశం, ఎటూ తేలని మూడు దారులు, మీదికొస్తున్న కాకులు. ఆఖరి బొమ్మగా ఇంతకన్నా ఏం కావాలి? 1956లో హాలీవుడ్ 'లస్ట్ ఫర్ లైఫ్'లో కిర్క్ డగ్లస్ ఆ బొమ్మే వేస్తూ వేస్తూ తుపాకీ తీస్తాడు. దాంతో ప్రపంచం మొత్తానికి అది ఖాయమైపోయింది. ఆ బొమ్మ ముందు నిలబడి కళ్ళు తుడుచుకునే వాళ్ళలో చాలామంది ఆ సినిమాకే కళ్ళు తుడుచుకుంటున్నారని నా అనుమానం.

కానీ తేదీలు ఒప్పుకోవు. జూలై 10 ప్రాంతంలో రాసిన ఉత్తరంలోనే అల్లకల్లోలంగా ఉన్న ఆకాశం కింద గోధుమ చేల పెద్ద బొమ్మలు వేశానని విన్సెంట్ రాశాడు. కాకుల బొమ్మ ఆ వరసలోదే. అంటే చావుకి రెండున్నర వారాల ముందు. తర్వాత ఇంకా బోలెడు వేశాడు. మరి ఆఖరిది ఏది? థియో బావమరిది ఆండ్రియెస్ బోంగర్ ఒక మాట రాసి పెట్టాడు. చనిపోయే ముందు విన్సెంట్ వేసింది ఒక అడవి నేల బొమ్మ అని, అది ఎండతో, ప్రాణంతో నిండి ఉందని. ఆ వర్ణనకి సరిపోయేది 'చెట్ల వేళ్ళు' అనే బొమ్మ. అది పూర్తి కాలేదు కూడా. ఆమ్‌స్టర్‌డాంలోని వాన్ గో మ్యూజియం పరిశోధకులు 2012లో దీన్నే ఆఖరిదని వాదించారు.

తర్వాత జరిగింది మనలాంటివాళ్ళకి భలే నచ్చుతుంది. 2020లో కోవిడ్ లాక్‌డౌన్‌లో ఇంట్లో కూర్చుని పాత పోస్టుకార్డుల స్కాన్లు చూసుకుంటున్న వౌటర్ వాన్ డెర్ వేన్ అనే పరిశోధకుడికి ఒక కార్డులో గట్టు మీద చెట్ల వేళ్ళు కనబడ్డాయి. 1900-1910 మధ్య తీసిన ఫోటో. పోల్చి చూస్తే వంపుకి వంపు సరిపోయింది. ఆ చోటు పూటకూళ్ళ ఇంటికి 150 మీటర్ల దూరంలో ఉంది! 130 ఏళ్ళు జనం దాని పక్కనుంచే నడిచి వెళ్ళారు. బొమ్మలో వెలుగు పడిన తీరు చూస్తే సాయంత్రం పూట కూడా విన్సెంట్ దాని మీద పనిచేసినట్టుందని అతను అంటాడు. అంటే పొద్దున మొదలుపెట్టిన పని తుపాకీ పేలడానికి కొద్ది గంటల ముందు దాకా సాగిందన్నమాట. నరికేసిన చెట్ల మోళ్ళ నుంచి మళ్ళీ చిగుర్లు వేస్తున్న నీలం, ఆకుపచ్చ, పసుపు వేళ్ళ బొమ్మ అది. కాకులెక్కడా లేవు.

ఇక తుపాకీ ఎవరు పేల్చారన్న గొడవ. 2011లో స్టీవెన్ నైఫే, గ్రెగరీ వైట్ స్మిత్ అనే ఇద్దరు పెద్ద జీవిత చరిత్ర రాసి, అది ఆత్మహత్య కాదు, ఊళ్ళో అతన్ని ఏడిపించే రెనే సెక్రెతాఁ అనే కుర్రాడి చేతిలో పొరపాటున పేలిందన్నారు. 2018లో వచ్చిన 'ఎట్ ఎటర్నిటీస్ గేట్' సినిమా ఆ దారే పట్టింది. వాన్ గో మ్యూజియం పరిశోధకులు 2013లో దీనికి జవాబు రాశారు, ఆత్మహత్యే అన్న మాట మీదే ఉన్నారు.

ఇక్కడ మన పాత అలవాటు పనికొస్తుంది. లాగ్ చదివేటప్పుడు మొదట చూసేది టైమ్‌స్టాంపు కదా. సాక్ష్యాల్నీ అలాగే చూడాలి. థియో ఉత్తరం అదే రోజుది. బెర్నార్ ఉత్తరం కొద్ది రోజుల తర్వాతది. స్థానిక పత్రికలో రెండు మూడు వాక్యాల వార్త ఆగస్టు 7ది. చివరి రెంటిలోనూ ఉన్నది తనే కాల్చుకున్నాడని. అప్పట్లో పన్నెండేళ్ళ పిల్ల అయిన రవూ కూతురు అదెలీన్ చెప్పిన జ్ఞాపకాలు 1950లవి. పైన నేను రాసిన పైపు, జెండార్మ్‌ల కబుర్లలో చాలా వివరాలు ఆమె చెప్పినవే. సెక్రెతాఁ పెద్దవాడయ్యాక, అంటే 1950ల్లోనే, ఇచ్చిన ఇంటర్వ్యూలో విన్సెంట్‌ని ఏడిపించామని ఒప్పుకున్నాడు గానీ కాల్చానని చెప్పలేదు. 60 ఏళ్ళు దాటాక చెప్పిన మాట పనికిరాదని కాదు. ఈలోగా పుస్తకాలొచ్చాయి, సినిమాలొచ్చాయి. జ్ఞాపకంలోకి ఏది ఎక్కడినుంచి చేరిందో చెప్పినవాళ్ళకే తెలీదు. 1960 ప్రాంతంలో ఓవేర్ పొలంలో ఒక రైతుకి దొరికిన తుప్పు పట్టిన రివాల్వరు కూడా అంతే. అదే ఇది అని గట్టి రుజువు లేదు, సరిపోతుంది అంతే. అయినా 2019లో పారిస్ వేలంలో 1,62,500 యూరోలు పలికింది. బతికుండగా రోజుకి మూడున్నర ఫ్రాంకులకి ఇబ్బంది పడిన మనిషి!

నేను ఆత్మహత్య అనే నమ్ముతాను. ఆ రోజుల్లో రాసిన కాగితాలు అటే చెబుతున్నాయి కాబట్టి. కానీ అతను చావాలనుకోవడం వేరు, జీవితమంతా దానికోసమే నడిచిందనడం వేరు. నా గొడవంతా రెండో దానితోనే.

కొన్నేళ్ళ క్రితం నేను పనిచేసిన ఒక ఆఫీసులో మా ఫ్లోర్‌లోనే ఉండే ఒకతను ఇలాగే వెళ్ళిపోయాడు. వారం రోజులు క్యాంటీన్‌లో అదే మాట. అతను ఆఖరిసారి పంపిన మెయిల్ ఏంటి, ఆఖరి స్టేటస్ మెసేజ్ ఏంటి, 'అప్పుడే అనుకున్నా, ఏదో తేడాగా ఉంది' అని. ముందురోజు దాకా అతను సరదాగా క్రికెట్ కబుర్లు చెప్పిన సంగతి ఎవరికీ గుర్తు లేదు. వచ్చే నెల ఊరెళ్ళడానికి ట్రెయిన్ టికెట్టు బుక్ చేసుకున్న సంగతి ఎవరూ ఎత్తలేదు. చివర తెలిసిపోయాక మొదటి నుంచీ అన్నీ ఆ చివరకే బాణం గుర్తులు చూపిస్తాయి. చూపించనివి మనమే చెరిపేస్తాం. ఇందులో మనకొక సుఖం ఉంది. అతని రాత అంతే అనుకుంటే, మనం పలకరించి ఉంటే ఏమయ్యేదో అని ఆలోచించక్కర్లేదు.

విన్సెంట్ రంగుల ఆర్డరు అలాంటి ట్రెయిన్ టికెట్టే. తుపాకీ పేలడానికి నాలుగు రోజుల ముందు రంగులకి ఆర్డరు పెట్టినవాడు ఆ నాలుగు రోజుల తర్వాత కూడా బొమ్మలేద్దామనే కదా అనుకున్నాడు! ఆ రెండూ ఒకే మనిషిలో ఉండొచ్చు. పొద్దున ఎండ నిండిన బొమ్మ వేసి సాయంత్రం తుపాకీ పట్టుకున్న మనిషి మనకి అర్థం కాడు. కాకుల బొమ్మ వేసి తుపాకీ పట్టుకున్నవాడు అర్థమవుతాడు. అందుకే సినిమాలు కాకుల్ని ఎంచుకున్నాయి.

అయితే రెనేని తప్పు పట్టాలా? నేను పట్టను. 1948లో అతని చేతిలో ఉన్న సమాచారం అంతే. పోస్టుకార్డు లేదు, ఉత్తరాల పరిష్కృత ప్రతి లేదు. పైగా అతని సినిమాలో ఒక నిజాయితీ ఉంది. అది ఇదిగో ఇలా జరిగింది అని నటుణ్ణి పెట్టి చూపించదు. మంచం లేదు, రక్తం లేదు, ఏడుపు లేదు. బొమ్మలు మాత్రమే ఉన్నాయి, వాటిని వరసలో పెట్టిన చెయ్యి మాత్రం నాది అని దాచకుండా చెబుతుంది. చూసేవాడు కాస్త జాగ్రత్తగా ఉంటే, ఈ వరస ఇంకోలా కూడా ఉండొచ్చు కదా అన్న ఆలోచన ఆ సినిమాలోంచే వస్తుంది. 1991లో మోరిస్ పియాలా తీసిన 'వాన్ గో' ఇంకో దారి తొక్కింది. తుపాకీ పేలడం చూపించదు, కారణం చెప్పదు. ఆ మనిషి చనిపోతాడు, పూటకూళ్ళ ఇంట్లో పని మళ్ళీ మొదలవుతుంది. చరిత్రకి అదే దగ్గరనిపిస్తుంది నాకు.

చివరగా థియో సంగతి చెప్పకపోతే ఈ కథ పూర్తి కాదు. అన్న పోయిన ఆరు నెలలకే, 1891 జనవరి 25న, అతనూ పోయాడు. ఇంటినిండా బొమ్మలు, పెట్టెలనిండా ఉత్తరాలు, ఏడాది నిండబోతున్న పిల్లవాడితో యో అనే ఆ అమ్మాయి మిగిలింది. ఆ బొమ్మల్ని అమ్మి చేతులు దులుపుకోలేదు. ప్రదర్శనలు పెట్టించింది, ఉత్తరాలు వరస పెట్టి 1914లో అచ్చు వేయించింది. అదే ఏడు థియో అస్థికల్ని ఓవేర్‌కి తెప్పించి అన్న పక్కనే పెట్టించింది. మనకి వాన్ గో అంటూ ఒకడున్నాడంటే ఆ చివరి 30 గంటల వల్ల కాదు, ఆ తర్వాత యో కష్టపడిన ఏళ్ళ వల్ల. దాని మీద మాత్రం చాలా తక్కువ సినిమాలున్నాయి. కాగితాలు సర్దడం తెర మీద ఏం బాగుంటుంది చెప్పండి!

ఆ ఉత్తరాలన్నీ, 800కు పైగా, 2009 నుంచి నెట్‌లో ఉచితంగా దొరుకుతున్నాయి, స్కెచ్‌లతో, నోట్స్‌తో సహా. రెనే సినిమా చూస్తే చూడండి, తప్పకుండా చూడదగ్గదే. కానీ చూసిన రాత్రే 1890 జూలై 23 ఉత్తరం కూడా తెరిచి, రంగుల జాబితా ఒకసారి చదవండి.